బమ్రోలికి వచ్చిన జపాను ద్వీపం

జపాను సినిమా వేస్తున్నారని తెలిసి ఆ సాయంత్రం సూరత్‌లోని బమ్రోలి గుడి హాలు నిండిపోయింది. అక్కడి మా తెలంగాణ వాళ్ళ సంఘం మీటింగు అంటే మామూలుగా మైకు పట్టుకున్నవాడు, ఆ మైకు ఎప్పుడు తన చేతికొస్తుందా అని చూసేవాడు, టీ కోసం ఆగినవాడు, ఇంతే ఉంటారు. అలాంటిది ఆ రోజు చెప్పులు విడిచే చోటు చాలక కొందరు వాటిని చంకలో పెట్టుకుని లోపలికొచ్చారు. దీన్ని భక్తి అనుకుంటే పొరపాటు. కళాభిరుచి అనుకుంటే ఇంకా పెద్ద పొరపాటు.

సూరత్ మగ్గాల మీద పనిచేసే మా తెలంగాణ వాళ్ళకు జపాను ఒక దేశం కాదు, ఒక మిషను. నీటిధారతో పోగును ఈ కొస నుంచి ఆ కొసకు విసిరే మగ్గం అక్కడి నుంచే వచ్చింది. అక్కడ వాడి పక్కన పడేసినవి కూడా ఓడెక్కి ఇక్కడికొచ్చి, కొత్త రంగు పూయించుకుని, ఏళ్ళ తరబడి తిరుగుతుంటాయి. బావమరిది మీద, బ్యాంకు మీద, ప్రభుత్వం మీద లేని నమ్మకం మావాళ్ళకు ఆ మిషను మీద ఉంది. అది పుట్టిన చోటు చూపిస్తారు కాబోలనుకుని పాళీ, అంటే షిఫ్టు, దిగినవాళ్ళు దిగినట్టే తడి లాగులతో వచ్చి కూర్చున్నారు.

సినిమా తెచ్చినవాడు అడాజన్ వైపు ఉండే ఒక తెలుగు యువకుడు. కంప్యూటర్ ఉద్యోగం. కంపెనీ పని మీద జపాను వెళ్ళొచ్చిన దగ్గర్నుంచి అతనికి నిశ్శబ్దం మీద మోజు పుట్టింది. ఆ నిశ్శబ్దం గురించి ఎంతసేపైనా మాట్లాడగలడు. కార్మికులకు కూడా ప్రపంచ వారసత్వం తెలియాలని ప్రొజెక్టరు మోసుకొచ్చి, గోడకు అస్తరు గుడ్డ కట్టించాడు. చిక్కల్లా ఒక్కటే. సినిమాలో మాటలు జపానువి, కింద పడే అక్షరాలు ఇంగ్లీషువి. తెలుగులో చెప్పేవాడు కావాలి.

అది నాకు చుట్టుకుంది. నేను పత్రిక డెస్కు మీద జుట్టు నెరిసినవాణ్ణి. మా ఆవిడ ఇక్కడి ఆస్పత్రిలో డాక్టరు కాబట్టి సూరత్‌లో ఉంటున్నాను. ఆదివారాలు బమ్రోలి వెళతాను. కార్మికుల జీవన పరిస్థితులు తెలుసుకోవడానికని ఎవరైనా అడిగితే చెబుతాను. అసలు సంగతి, ఆ గుడి పక్కన ఒక ముసలామె కాల్చే సర్వపిండి. నన్ను అక్కడ అందరూ పేపర్ సారు అంటారు.

గుడి గురించి కొంచెం చెప్పాలి. దేవుడి గది చిన్నది. దాని ముందు హాలు మాత్రం పెద్దది. రెండు వైపులా కిటికీలు, వరసగా ఫ్యాన్లు, పగలు కూడా వెలిగే ట్యూబులైట్లు. పగలంతా ఆ హాలు ఆడవాళ్ళది. మార్కెట్ నుంచి చీరల కట్టలు వస్తాయి. వెనకవైపు వేలాడే దారాలు కత్తిరించడం, అంచు వెంట మెరుపు రాళ్ళు బంకతో అంటించడం వాళ్ళ పని. ఇళ్ళలో ఆ పని సాగదు. ఒకటే గది, పైన రేకు, ఒక బల్బు. రాత్రి పాళీ చేసొచ్చిన మొగుడు ఆ గదిలో పగలంతా నిద్రపోతాడు. లైటు వేస్తే తిడతాడు, గిన్నె కదిపితే లేస్తాడు. రేకు వేడికి బంక గిన్నెలోనే గట్టిపడుతుంది. అందుకని పొద్దున గుడి ఊడ్చి, ముగ్గేసి, దీపం పెట్టి, ఆ హాల్లోనే చాపలు పరుచుకునేవారు. ఎవరూ ఇచ్చిన హక్కు కాదు. ఎవరూ అడ్డుచెప్పనందువల్ల అలా జరిగిపోతూ వచ్చింది.

ఇక సినిమా. జపాను పడమటి సముద్రంలో ఒక చిన్న ద్వీపం. ద్వీపమంతా దేవతే. రాయి, చెట్టు, మట్టి, అన్నీ ఆమెవే. ఊరు లేదు, అంగడి లేదు. ఒక్క పూజారి ఉంటాడు, కొన్నాళ్ళకు అతను దిగిపోతే ఇంకొకడు వస్తాడు. వెయ్యేళ్ళకు మునుపు ఓడల వాళ్ళు సమర్పించిన అద్దాలు, పూసలు, బంగారు ఉంగరాలు అక్కడి రాళ్ళ సందుల్లో దొరికాయట. దర్శకుడికి వాటికన్నా పొగమంచు ఎక్కువ నచ్చినట్టుంది. ఒక ఆకు మీద నీటిబొట్టు చూపించి, అది జారేదాకా కెమెరా కదపలేదు. బొట్టు జారడానికి తొందరపడలేదు. నాకు చెప్పడానికి మాటలు లేక మైకు పట్టుకుని నేనూ బొట్టు వంక చూస్తూ నిలబడ్డాను.

"సారూ, మిషన్లు ఎప్పుడొస్తయి?" అని ముందు వరసలోంచి ఒకతను అడిగాడు.

నేను జవాబు వెతుక్కునేలోగా పక్కవాడే సర్దిచెప్పాడు. "ఆగరాదు. ముందుగాల దేవునికి దండం వెడుతుండ్రు. ఎన్కశిరి ఖాతలకు వోతరు."

ఖాతా అంటే ఇక్కడ మగ్గాల షెడ్డు. దండం పెట్టడం మాత్రం అయ్యేలా లేదు. పూజారి తెల్లవారుజామున బట్టలన్నీ విప్పి, మంచు నీళ్ళలాంటి సముద్రంలో మెడదాకా దిగాడు. ద్వీపం మీద కాలు పెట్టే ఎవరైనా అలా మునగాల్సిందేనని చదివి చెప్పాను. ఆడవాళ్ళు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. సర్వపిండి ముసలామె ఒక్కతే తల తిప్పకుండా చూసింది. "అయ్యో కొడుకా, సలికి సస్తడు. ఎవలన్న జరన్ని ఉడుకునీళ్ళు పొయ్యుండ్రి" అన్నది.

తర్వాత నియమాలు వచ్చాయి. ద్వీపం మీంచి గడ్డిపోచ కూడా బయటికి తీసుకుపోకూడదు. అక్కడ చూసింది ఎవరితోనూ చెప్పకూడదు. ఆడవాళ్ళు అసలు అడుగు పెట్టకూడదు. పడవల్లో దూరంగా ఇంకో దీవికి వెళ్ళి, దాని ఒడ్డున నిలబడి, అటు తిరిగి మొక్కుకోవచ్చు. ఒక జాలరి భార్య కెమెరా ముందుకొచ్చి, మా అత్తా ఇక్కణ్ణుంచే చూసింది, నేనూ ఇక్కణ్ణుంచే చూస్తాను అని చెప్పి నవ్వింది. ఆ నవ్వు మీద కూడా కెమెరా చాలాసేపు నిలబడింది. అంతసేపు చూస్తే అది నవ్వో కాదో అనుమానమొస్తుంది.

"సారూ, ఆ దేవర మొగాయినా ఆడామెనా?" వెనక నుంచి ఒక గొంతు. దారాలు కత్తిరించే ఆడవాళ్ళకు పెద్దదిక్కులా ఉండే ఒకావిడ. వయసు నలభై దాటి ఉంటుంది. చేతిలో కత్తెర లేనప్పుడు ఆ పని నాలుకతో చేస్తుంది.

"ఆడదేనమ్మా. దేవత" అన్నాను.

"గట్లనా. అయితే ఆమెను గుడ బయట్నే నిలవెట్టిండ్రా?"

హాలంతా నవ్వింది. కంప్యూటర్ యువకుడు నొచ్చుకుని, అది చాలా సున్నితమైన విషయం అన్నాడు. ఆవిడ, "సున్నితం గాకపోతె మమ్ముల రానిస్తుండె గదా" అన్నది.

చివరికి పొగమంచులో ద్వీపం కలిసిపోయి సినిమా అయిపోయింది. ఒక్క మిషనూ రాలేదు. మోసపోయిన జనం ఎవరిని తిట్టాలో తెలియక నా వైపు చూస్తుండగా సంఘం అధ్యక్షుడు లేచి మైకు అందుకున్నాడు.

ఈయన గురించి ఒక మాట. ఒకప్పుడు మగ్గం మీదే పనిచేశాడు. ఇప్పుడు మార్కెట్ సేట్ల దగ్గర చీరల మాల్ తెచ్చి, ఆడవాళ్ళకు పంచి, పనైనాక తిరిగి అప్పజెబుతాడు. మంచివాడే. కాకపోతే తెల్లచొక్కా వేసుకున్న రోజు తన మాటలు తానే నమ్ముతాడు. ఆ రోజు తెల్లచొక్కా వేసుకున్నాడు.

"జపానోడు చేసిన మిషన్ ఎన్నడన్న ఆగిందా?" అని మొదలుపెట్టాడు.

"ఆగలే" అన్నారు జనం.

"పోగు తెగితె దానంతట అదే నిలవడుతదా లేదా?"

"నిలవడుతది."

"మరి గసొంటోడు గుడికి పెట్టిన నియమం ఉత్తగనే పెడుతడా? వెయ్యేండ్లు ఆలోచించి పెట్టిండు. మన గుడి సూడుండ్రి. అడ్డంగ చీరలు, నిలువుగ చీరలు. దేవునికే తొవ్వ లేదు. ఇప్పటిసంది మన గుడి గుడ గట్లనే నడుస్తది."

చప్పట్లు పడ్డాయి. సినిమాలో దొరకని మిషను ఉపన్యాసంలో దొరికినందుకు కొట్టారేమో. కమిటీ అక్కడికక్కడే కూర్చుని తీర్మానించింది. మగ్గాలు తెచ్చుకున్నట్టే నియమాలూ సెకండ్ హ్యాండ్‌లో తెచ్చుకున్నారు. మగ్గానికైతే బిగించేముందు మన కొలతలకు సరిపోతుందో లేదో చూసేవాడు ఉంటాడు, నియమాలకు లేడు.

సముద్రం లేదు కాబట్టి గేటు దగ్గర నీళ్ళ డ్రమ్ము పెట్టారు. లోపలికొచ్చే మగవాళ్ళంతా ముందు స్నానం చేయాలి. ప్రసాదం అక్కడే తినాలి, కొబ్బరి ముక్క కూడా ఇంటికి తీసుకుపోకూడదు. లోపల జరిగింది బయట అడగకూడదు, చెప్పకూడదు. ఈ మూడోది కమిటీవాళ్ళకు ఎందుకంత నచ్చిందో సంఘాల సంగతి తెలిసినవాళ్ళకు చెప్పక్కర్లేదు. ఒక్కో రోజు ఒక్కో మగమనిషి పూజారి వంతు చేయాలి. ఇక ఆడవాళ్ళు గేటు బయటి నుంచే మొక్కుకోవాలి. ఆ సంగతి తెలుగులో పెద్ద బోర్డు రాయించి కట్టారు. ఇక్కడ పుట్టి హిందీ, గుజరాతీ బడుల్లో చదివిన ఆడపిల్లలు ఆ బోర్డు కిందే నిలబడి, ఇందులో ఏముందని నన్ను అడిగారు. చదివి చెప్పాల్సిన పని మళ్ళీ నాకే పడింది.

రెండు ఆదివారాలు నేను వెళ్ళలేదు. ఒంట్లో బాగాలేదని చెప్పుకోవచ్చు. మూడో ఆదివారం సర్వపిండి మీద మనసు పుట్టి వెళ్ళాను. పవిత్ర ద్వీపం ఎలా ఉందోనని గేటులోంచి తొంగిచూశాను.

ద్వీపం నిద్రపోతోంది. రాత్రి పాళీ చేసొచ్చిన మగవాళ్ళు వరసగా ఫ్యాన్ల కింద పడుకున్నారు. వాళ్ళ తప్పు లేదు. నియమం ప్రకారం డ్రమ్ము దగ్గర స్నానం చేశారు, ఇళ్ళ దగ్గర నల్లా కోసం వరసలో నిలబడే బాధ తప్పింది. నియమం ప్రకారం లోపలికొచ్చారు. లోపల చల్లగా ఉంది, ఆడవాళ్ళ గొడవ లేదు. ఇంతకన్నా మోక్షం ఏముంటుంది? తడి తువ్వాళ్ళు కిటికీ చువ్వలకు ఆరేసి ఉన్నాయి. దేవుడి గదిలో దీపం లేదు. ఆ రోజు పూజారి వంతు ఎవరిదని ఒకతన్ని లేపి అడిగాను.

"నాదే సారూ" అని అటు తిరిగి పడుకున్నాడు.

ఆడవాళ్ళు కనిపించలేదు. గల్లీలో వెతికితే ఒక్కో గడప దగ్గర ఒక్కొక్కరు, గడప మీద పడే కొంచెం వెలుతురులో చీర పరుచుకుని వంగి కూర్చున్నారు. ఎండ జరిగితే వాళ్ళూ జరుగుతున్నారు. స్కూటరు వస్తే చీర ఎత్తుకుని లోపలికి పోతున్నారు. రాళ్ళు ఎగిరిపోతే దుమ్ములో ఏరుకుంటున్నారు. నాలుకతో కత్తిరించే ఆవిడ నన్ను చూడగానే కత్తెర కింద పెట్టింది.

"దా సారూ దా. మంచి సిన్మ సూపెట్టినవ్."

"నేను చూపించలేదమ్మా. చదివాను."

"ఆ, పేపరోళ్ళందరు గిదే మాట. మేం రాయలే, మేం చదివినం. మేం చదవలే, మేం రాసినం." పక్క గడప మీదామె కిసుక్కున నవ్వింది. ఆవిడ నవ్వలేదు. "నా ఆయన గుడిల పంటుండు. మంచిగనే ఉన్నది, ఇల్లు ఖాళీ అయింది. ఖాళీ ఇంట్లె ఏం జేసుకోను? పట్టపగలు బల్బు ఏస్తె గుడ దారం అవుపడది. బంక కలిపితె రాయి వెట్టేలోపల గట్టిగైతది. ఒక్క చీరకు రెండు చీరల పొద్దు పోతుంది. ఇట్లైతె సేటు మాల్ ఇంకొకళ్ళకిస్తడు, మేం ఉత్త చేతులతోని కూసుంటం. నీ ద్వీపంల ఆడోళ్ళు ఏం పని చేసుకుంటరో చెప్పలేదేంది సారూ?"

నిజమే, సినిమాలో అది లేదు. ఆ జాలరి భార్య కెమెరా ముందు నిలబడకముందు, నిలబడిన తర్వాత ఏం చేస్తుందో దర్శకుడికి పట్టలేదు. పొగమంచు దగ్గర సమయమంతా అయిపోయింది.

మేము మాట్లాడుతుండగానే అధ్యక్షుడు వచ్చాడు. తెల్లచొక్కా లేదు. భుజం మీద చీరల కట్ట, ముఖం మీద సేటు తిట్ల తడి. కట్ట ఆవిడ ముందు దింపి ఒక చీర అంచు విప్పాడు.

"ఏంది చెల్లె గిది? రాళ్ళన్ని గిట్ల వంకరవోయినయ్? వాపస్ కొట్టిండు సేటు. మొత్తం మాల్ వాపస్."

ఆవిడ చీర అందుకుని, వేలితో రాళ్ళ వరస మీద రాసి చూసింది. "వంకరనే ఉన్నది" అని ఒప్పుకుంది. "రోడ్డు గుడ వంకరనే ఉన్నది గదన్నా. దాన్ని సూసుకుంట పెట్టినం."

"నవ్వులాట గాదు. రేపు రాత్రి లోపల మాల్ ఇయ్యకుంటె ఇగ కొత్తది ఇయ్యనన్నడు."

"మాకు గుడ నవ్వులాట గాదు." ఆవిడ లేచి, తన గడపలో ఉన్న కట్టలు కూడా తెచ్చి ఆయన కాళ్ళ దగ్గర పెట్టింది. "హాలన్న ఇయ్యి. మాలన్న తీస్కపో."

ఎదురింటామె తన కట్ట తెచ్చింది. పక్కింటామె తెచ్చింది. అధ్యక్షుడి మోకాళ్ళ దాకా చీరలు లేచాయి. మధ్యలో నిలబడిన మనిషిని చూస్తే నాకు సినిమాలో ద్వీపం గుర్తొచ్చింది.

"అట్లెట్ల చెల్లె? కమిటీ తీర్మానం అయింది. నలుగురి ముందట మైకుల చెప్పిన. ఇప్పుడు ఎన్కకు తీస్కుంటె నా మాటకేం ఇలువుంటది?"

"నీ మాటకు ఇలువుంటది, మా చేతులకు ఉండద్దు. గంతే గదా?"

ఆయన చీర అంచు మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు. వంకర రాళ్ళను ఒక్కొక్కటే వేలితో తడిమాడు. పెద్దమనుషులకు తప్పు తెలియడం కష్టం కాదు, తెలిసినట్టు కనిపించకుండా దిద్దుకోవడం కష్టం. వెనక్కి తగ్గకుండా వెనక్కి వెళ్ళే దారి కోసం వెతుకుతున్నాడని నాకు అర్థమైంది. పత్రికల్లో సవరణ వేసేటప్పుడు మేమూ అలాగే వెతుకుతాం. లోపలి పేజీలో మూలన, చిన్న అక్షరాల్లో.

"సారూ," అన్నాడు చివరికి, నా వైపు తిరిగి. "ఆ ద్వీపం సుట్టు ఏమున్నది?"

"సముద్రం."

"సముద్రంల ఆడోళ్ళు పోవద్దని ఉన్నదా?"

"లేదు. పడవల్లో వెళ్ళడం చూపించారు గదా."

"అయిపాయె!" అని తొడ మీద చరుచుకున్నాడు. "దేవుని గది ద్వీపం. హాలు సముద్రం."

సాయంత్రానికల్లా కమిటీ కూర్చుంది. దేవుడి గది గడప ముందు అడ్డంగా నీలిరంగు గీత కొట్టించారు. గీతకు అటు ద్వీపం, ఇటు సముద్రం. నియమాలన్నీ ద్వీపానికే తప్ప సముద్రానికి వర్తించవు. ఒక్క నియమం కూడా మార్చలేదు, జపానులో ఎలా ఉందో అచ్చం అలాగే ఇంకా పక్కాగా అమలు చేస్తున్నామని అధ్యక్షుడు మైకులో ప్రకటించాడు. దానికీ చప్పట్లు పడ్డాయి. కంప్యూటర్ యువకుడికి ఫోను చేసి చెబితే చాలాసేపు మాట్లాడలేదు. నిశ్శబ్దాన్ని అతను నిజంగా పాటించడం నాకు తెలిసి అదే మొదటిసారి.

నేను ఆదివారం దాకా ఆగలేక మర్నాడే వెళ్ళాను. హాలు ఊడ్చి ఉంది. ముగ్గు నీలిగీతను దాటి లోపలికి పోయింది. దీపం వెలుగుతోంది. ఎవరు వెలిగించారని నేను అడగలేదు, అధ్యక్షుడూ అడగలేదు. కిటికీల పక్కన చాపలు పడ్డాయి. అప్పుడే రాత్రి పాళీ దిగిన ఆవిడ భర్త, అలవాటు ప్రకారం డ్రమ్ము దగ్గర స్నానం చేసి, చంకలో దిండుతో లోపలికొచ్చాడు.

"యాడికి?" అన్నది ఆవిడ.

"జర పంట."

"సముద్రంల పంటవా? మునుగుతవ్. ఇంటికి పో."

అతను దిండు తిప్పి పట్టుకుని వెళ్ళిపోయాడు. వెనకే ఇంకో ఇద్దరు. చీరల మీద కాలు పడకుండా గోడ వారగా, ఒకరి వెనక ఒకరు నడిచారు.

పొద్దు గుంకే వేళకు వాపసు వచ్చిన మాల్ అంతా తయారైంది. వంకర రాళ్ళు పీకి, పాత బంక గోటితో గీకి, మళ్ళీ అంటించారు. అధ్యక్షుడు వచ్చి ఒక్కో అంచు ట్యూబులైటుకు ఎత్తి చూశాడు. వరస దారం పట్టినట్టుంది. ఆయన చీరలు మడిచి జాగ్రత్తగా కట్ట కట్టాడు.

"రేపటికి ఇంకో మాల్ ఉన్నది, తేవాల్నా?" అన్నాడు కట్ట భుజానికెత్తుకుంటూ.

"తే," అన్నది ఆవిడ, కత్తెర ఆపకుండా. "పొద్దుగాలనే తే. మాపటికి ఎలుతురు పోతది."